దీపము లేని ఊరు: మెట్ట గ్రామమందలి నిత్యజీవనము, దాని పదజాలము

రెవిన్యూ లెక్కలలో 'బేచిరాకు గ్రామము' అను పరిభాష యొకటి కలదు. ఇది పారసీకమునుండి వచ్చిన మాట. 'బే' యనగా లేని. 'చిరాగ్' అనగా దీపము. దీపము లేని ఊరు, అనగా జననివాసము లేని ఊరు అని తాత్పర్యము. అట్టి ఊరికి పేరుండును, ఎల్లలుండును, సర్వే నంబరులుండును, భూములకు పట్టాదారులును ఉందురు. సందెవేళ దీపము పెట్టువారు మాత్రము ఉండరు. లెక్కల వ్రాతలో ఇంతటి కవిత్వము కల మాట మఱియొకటి మాకు కనబడలేదు. జనాభా లెక్కలవారు సైతము గ్రామములను నివాసము కలవి, లేనివి అని రెండుగా విభజింతురు. ఒక్క ముసలమ్మ ఒక్క యింట పొయ్యి రాజేసినను ఆ ఊరు మొదటి తరగతిలోనిదే. ఆమె పోయిననాడు అది రెండవ తరగతిలో చేరును. ఈ రెంటి నడుమ, ఊరు మెల్లమెల్లగా సన్నగిల్లుచు గడపు ముప్పది నలువది సంవత్సరముల కాలమునకు లెక్కలలో పేరు లేదు.

మాకు ముఖ్యమైనది ఆ పేరు లేని కాలమే. ఊరు ఖాళీ యగుటకు ముందే ఊరి మాటలు ఖాళీ యగుచున్నవి. మనుష్యులకంటె పనులు ముందు పోవును. పనులతో పనిముట్లు, పనిముట్లతో వాని పేర్లు పోవును. కడపట ఆ పేర్లు పలికిన వృద్ధులు పోవుదురు. తెలుగు శాఖలలో మనము చేయు మాండలిక పదసేకరణము తఱచుగా ఈ వరుసలో చివరి మెట్టున మొదలగుచున్నది. అప్పటికి వస్తువు లేదు, దానిని వాడి చూపువారు లేరు. పట్టిక మాత్రము చేతికి వచ్చును. పూర్వపు అనంతపురము జిల్లాలో, 2022 నాటి విభజన పిమ్మట శ్రీ సత్యసాయి జిల్లాలో చేరిన కదిరి ప్రాంతపు కొండల నడుమ ఒక చిన్న ఊరియందు మేము పలుమార్లు తిరిగి చూచిన సంగతులను, అందు మేము పొరపడిన తావులను పరిశోధక విద్యార్థుల యుపయోగమునకై ఇట వివరింపదలచితిమి. ఊరి పేరు చెప్పుట లేదు. మిగిలిన కొలదిమందిని ప్రశ్నావళులతో మఱికొందరు పోయి వేధించుట మాకు సమ్మతము కాదు.

ఈ మార్గమున పూర్వులు చేసిన కృషి తక్కువది కాదు. బ్రౌను 1852 నాటి తన నిఘంటువున పల్లెపనుల పదములకు ఉదారముగా చోటిచ్చెను. కర్నల్ మెకంజీ సేకరింపజేసిన కైఫియతులలో ఊళ్లు కట్టుట, పాడగుట, మరల కూడుట ఆనాటి స్థానికుల భాషలోనే చదువగలము. సురవరము ప్రతాపరెడ్డిగారి 'ఆంధ్రుల సాంఘిక చరిత్ర' (1949) కావ్యములను సాంఘిక జీవనమునకు సాక్ష్యములుగా చదువుట మనకు నేర్పినది. భద్రిరాజు కృష్ణమూర్తిగారి సంపాదకత్వమున ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమి 1962లో వెలువరించిన 'మాండలిక వృత్తిపదకోశము' వ్యవసాయ పదములను ప్రాంతభేదములతో చూపినది. చేనేత పదముల సంపుటము 1971లో వచ్చినది. ఆ కోశము చేతబట్టుకొనియే మేమును ఊరిలో అడుగుపెట్టితిమి. అయినను కోశము స్వభావము ఒకటి కలదు. 'దీనిని ఏమందురు?' అను ప్రశ్నకు అది సమాధానము చెప్పును. 'ఈ మాట ఎప్పుడు, ఎవరు, ఏ పని నడుమ ఎవరితో అందురు?' అను ప్రశ్న దాని పరిధిలోనిది కాదు. సన్నగిల్లుచున్న ఊరిలో అడుగవలసినది ఈ రెండవ ప్రశ్నయని మాకు ఆలస్యముగా తెలిసినది.

ఊరు బస్సు దారికి దూరముగా బండిబాట చివరనున్నది. మూడు ప్రక్కల కొండలు, నాలుగవ ప్రక్క చెఱువుకట్ట. జిల్లా మొత్తము వర్షచ్ఛాయలోనిది. పడమటి కనుమలు నైరృతి మేఘములను ముందే పిండివేయును. ఈశాన్య ఋతుపవనము ఇంతదూరము వచ్చుసరికి బలము తఱుగును. సాలీనా సగటు వర్షము సుమారు 550 మిల్లీమీటరులు. ఇండ్లు చాలవఱకు మట్టి మిద్దెలు. రాతి గోడలమీద దూలములు, వానిపై దంతెలు, ఆపైన చౌడుమన్ను దట్టముగా పఱతురు. చౌడు నీటిని క్రిందికి దిగనీయదు. కాని వానకాలమునకు ముందు ఏటేట క్రొత్త చౌడు పోసి త్రొక్కవలెను. ఒక్క యేడు తప్పిన మిద్దె కాఱును; రెండు మూడేండ్లు తప్పిన దంతెలు నానును; ఆపైన ఒక రాత్రి కప్పు లోపలికి దిగును. పెంకుటిల్లు తాళము వేసి పోయినను పదేండ్లు నిలుచును. మిద్దె అట్లు కాదు, దానికి ప్రతి వేసవి మనిషి కావలెను. ఈ ప్రాంతపు ఊళ్లు జనము తగ్గినంతనే ఇంత వేగముగా దిబ్బలగుటకు ఇది యొక కారణమని మా యభిప్రాయము. ఊరిలో పొయ్యి రాజుచున్న ఇండ్లు ఇప్పుడు పట్టుమని పది. తాళములు పడినవి అంతకు ఎన్నో రెట్లు. తాళము లేక తలుపే లేనివి మఱికొన్ని.

ప్రొద్దు అను దానిని ఊరివారు ఎట్లు భాగించిరో చూడవలయును. కోడికూత, వేగుచుక్క, సద్దిపొద్దు, అంబటిపొద్దు, పొద్దు నడినెత్తికి వచ్చుట, మాపటివేళ, పొద్దుమునుగుట. వీనిలో రెండు తిండిపేర్లే. సద్ది యనగా రాత్రి మిగిలినదానిని ఉదయమున తినుట. అంబలి త్రాగు వేళ అంబటిపొద్దు. గడియారమున ఇంచుమించు తొమ్మిది, పది గంటల నడుమ. పొలములో ఉదయపు పని ఒక విడుపు దొరకునప్పుడు ఇంటినుండి అంబటికుండ వచ్చెడిది. అందుచే ఆ మాట ఏకకాలమున తిండిని, విశ్రాంతిని, సూర్యుని ఎత్తును చెప్పెడిది. మొదటి దినమున ఒక వృద్ధురాలు మమ్ము "రేపు అంబటిపొద్దుకు రాండి నాయనా" అని పంపినది. మాలో ఒకరు నవ్వుచు "ఇప్పుడు అంబలి ఎవరు కాస్తున్నారు అవ్వా?" అని అడిగితిమి. ఆమె మమ్ము వింతగా చూచి, "అంబలి లేకుంటే పొద్దు రాకుండా పోతాదా?" అనెను. అర్థవిపరిణామమును గూర్చి తరగతిలో మేము చెప్పు పాఠములకన్న ఈ మాట పదునుగా నున్నదని ఒప్పుకొనవలసి వచ్చినది. ప్రవృత్తినిమిత్తము పోయినను పదము నిలిచియుండుటకు ఇంతకంటె స్పష్టమైన ఉదాహరణము దొరకదు. అయితే ఆమె మనుమలు బెంగుళూరినుండి ఫోనులో మాటాడునపుడు 'తొమ్మిదికి' అందురు. ఆమెయు వారితో 'తొమ్మిదికి' అనియే అనును. అంబటిపొద్దు ఊరిలోపలి మాటగా మిగిలినది. ఊరిలో ఆ మాట అందుకొనువారు ఇక కొందరే.

అంబలి ఏల పోయినది? ఇచటనే ఊరి కథ కలదు. డెబ్బది ఏండ్లు దాటినవారి బాల్యమున చేలలో కొఱ్ఱ, సజ్జ, సామ, ఆరిక, జొన్న పండెడివి. గొఱ్ఱుతో విత్తునపుడు జడ్డిగములో గింజలు పోయుచు, కొన్ని సాళ్లకొకటి చొప్పున వేఱు పంట సాలు వేసెడివారు. దీనికి 'అక్కడి' అని పేరు. కంది, అలసంద, అనుము, ఆముదము మొదలైనవి అక్కడి సాళ్లలో పడెడివి. వాన ముందుగా వచ్చిన ఒకటి, ఆలస్యమైన మఱియొకటి చేతికి వచ్చెడిది. ఇంటికి తిండి, పప్పు, దీపమునకు చమురు, గొడ్డుకు మేత ఒకే చేనినుండి దొరకెడివి. వాన ఇంత కురిసెనని ఎవరును అంగుళములలో చెప్పరు. మన్ను త్రవ్వి తడి ఎంత లోతు దిగెనో చూతురు. దానికి 'పదును' అని పేరు. దుక్కికి చాలు పదును వేఱు, విత్తుటకు చాలు పదును వేఱు. కార్తెలు ఇప్పటికిని నోటనున్నవి. వేఱుసెనగ విత్తుట ఆరుద్ర, పునర్వసు కార్తెల మాటగానే నేటికి సాగుచున్నది.

వేఱుసెనగ ఇరువదవ శతాబ్దిలో ఈ జిల్లా అంతట వ్యాపించి, 1970 తరువాత దాదాపు ఏకైక పంట యైనది. దానిని నిందించుట మా యుద్దేశము కాదు. అది ఈ ఎఱ్ఱనేలకు తగిన పైరు. రైతుచేతికి మొదటిసారి రొక్కము తెచ్చిన పైరు. కాని దానితో ఊరి యంగములు ఒకదాని వెంబడి ఒకటి సడలినవి. చిఱుధాన్యములు పోవుటతో పాతరలు, గరిసెలు పనిలేనివైనవి. కాయలు కళ్లమునుండి నేరుగా వ్యాపారికి చేరును; కావున కళ్లమువద్ద గింజల పంపకము నిలిచినది. 1983లో కిలో బియ్యము రెండు రూపాయలకు ఇచ్చు పథకము వచ్చిన పిమ్మట పేదలకు అన్నము సులభమై, సంగటి పండుగ తిండి వలె అరుదైనది. అక్కడి సాలు మాత్రము పూర్తిగా పోలేదు. వేఱుసెనగలో కంది సాళ్లు వేయుదురు. కనుక ఆ పదమునకు ఇప్పుడు 'కందిసాలు' అని మాత్రమే అర్థము. యువకుడొకడు మాతో అట్లే చెప్పినాడు. వాని తాత ఏడు పంటల పేర్లు చెప్పినాడు. ఒకే యింట, ఒకే మాటకు, రెండు తరముల నడుమ ఇంత అర్థసంకోచము.

గింజల పంపకము నిలిచెనంటిమి. దాని ఫలితము లోతైనది. ఊరికి ఆయగాండ్రు పండ్రెండుగురని వాడుక. పేర్లు ఊరూరికి కొంత మాఱును. వడ్రంగి, కమ్మరి, కుమ్మరి, చాకలి, మంగలి, తలారి, నీరుగంటి మొదలగువారికి కళ్లమువద్ద ప్రతి రైతు ఇచ్చు ధాన్యభాగమునకు మేర యని పేరు. కళ్లమున గింజ లేనప్పుడు మేర యెచట? రొక్కముగా ఇచ్చుట కొన్నాళ్లు సాగినది, తరువాత ఆగినది. వడ్రంగి కదిరికి పోయెను. కుమ్మరి సారె ఆపెను. నీరుగంటి చెఱువు తూము తెఱచి మడులకు నీరు పంచువాడు. తెలంగాణమున ఇతనిని నీరటి యందురు. చెఱువు నిండి పొరలు తావును తీరాంధ్రమున కలుజు అనియు, తెలంగాణమున మత్తడి అనియు, ఇచట మరువ అనియు వ్యవహారము. ఈ మూడు పదములను మేము విద్యార్థులకు మాండలిక భేదమునకు ఉదాహరణముగా ఏండ్ల తరబడి చెప్పితిమి. ఈ ఊరి మరువ రాళ్లమీద కూర్చుండి, చెఱువు ఎప్పుడు మరువ పాఱినదని అడిగినప్పుడు, ముగ్గురు వృద్ధులు మూడు వేఱు సంవత్సరములు చెప్పి చాలసేపు వాదులాడిరి. సంవత్సరములను వారు అంకెలతో చెప్పలేదు; ఎవరి పెండ్లి యేడు, ఎవరి ఎద్దు చచ్చిన యేడు అని చెప్పిరి.

కరణీకము, మునసబు ఉద్యోగములు 1984లో రద్దైనవి. రద్దు కావలసినవే యని పలువురి మతము. ఆ చర్చలోనికి మేము పోము. కాని అడంగలు, చిట్ఠా, జమాబందీ, జూలై మొదటి తేదీతో ఆరంభమై క్రీస్తుశకమునకు 590 ఏండ్లు వెనుకనుండు ఫసలీ, ఇవి ఊరిలో ఒకరి నోట నిత్యము పలుకుచుండుట ఆ యేటితో ముగిసినది. కొలతల సంగతియు నిట్టిదే. తూము, పుట్టి, ఖండుగ యను మాటలను శాసనములలో భూపరిమాణములుగా చదువుదుము. ఒక నేలలో ఎంత గింజ విత్తుదురో అదియే దాని కొలత యగుట మనకు శాసనభాషావిశేషముగా తోచును. ఈ ఊరి వృద్ధులు నేటికి తమ చేలలో ఒకదానిని 'తూమెడు చేను' అని పిలుచుట వింటిమి. అది వారికి పేరు మాత్రమే. అందులో తూమెడు గింజలు పోసినవారు ఎవరును మిగిలి లేరు.

ఇక కపిల మాట. మా పట్టికలో 'మోట' అని యుండెను. ఇచట కపిల యందురు. బావి గట్టునుండి పల్లమునకు ఏటవాలుగా త్రవ్విన దారి యుండును. గట్టుమీద గిలకపైనుండి మోకు బావిలోనికి దిగును; దాని కొనను బాన వ్రేలాడును. బానకు అడుగున ఏనుగు తొండము వంటి తోలుగొట్టము కుట్టబడియుండును. దానికి వేఱుగా సన్నని తాడు. ఎద్దులు పల్లమునకు నడచునపుడు రెండు తాళ్లును కలిసి లాగబడును. తొండపు మూతి పైకి మడిగి యుండుటచే నీరు ఒలుకదు. బాన గట్టు చేరగానే తొండము తొట్టిమీద చాగి నీటిని తానే క్రుమ్మరించును. అంతట ఎద్దులు వెనుకకు, ఏటవాలుగా పైకి, నడువవలెను. ముందుకు నడుచుట ఏ యెద్దైనను నేర్చును. వెనుకకు నడుచుటలోనే దాని శిక్షణ యంతయు. తోలువాడు దిగునపుడు మోకుమీద కూర్చుండి తన బరువును ఎద్దులకు సాయముచేయును. తెల్లవారుజామునుండి ఎండ ముదురువఱకు ఇదే పని. దీనిని కవులు సుందరముగా వర్ణింపవచ్చును. చేసినవారికి తొడలు ఒరిసి పుండ్లుపడెడివి.

కపిల తోలిన వృద్ధుడు ఒక్కడు ఊరిలో మిగిలియుండెను. అతనిని మేము అరుగుమీద కూర్చుండబెట్టి, వరుసగా ఒక్కొక్క భాగము పేరడిగితిమి. ఆఱేడు మాటలు చెప్పి అతడు ఊరకుండెను. జ్ఞాపకము సన్నగిల్లినదని వ్రాసికొంటిమి. మఱునాడు అతడే మమ్ము బావివద్దకు తీసికొనిపోయెను. గిలక లేదు, దానిని నిలిపిన రాతికంబములు మాత్రము గలవు. మాలో ఒకరిచేతనున్న నవారు తాడును తీసికొని కంబముల నడుమనుండి లాగుచు, ఏటవాలు దారిలో దిగసాగెను. అంతట మాటలు వచ్చినవి. వస్తువుల పేర్లు కావు. క్రియలు, ఎద్దులతో అనుమాటలు. ముందుకు నడుపుటకొక కేక, ఆపుటకొకటి, వెనుకకు నడుపుటకు మెల్లనైనది వేఱొకటి. కఱ్ఱి, మైల, పుల్ల, బొల్లి అని ఎద్దు రంగునుబట్టి పిలుపు. "కూచోబెట్టి పేర్లు అడిగితే ఏం జెప్పేది సామీ, తాడు చేతికిస్తే అదే వస్తాది" అని అతడు పిమ్మట అనెను. ముందటి రోజు వ్రాతలో 'జ్ఞాపకము సన్నగిల్లినది' అను వాక్యమును మేము కొట్టివేయలేదు. మా పొరపాటునకు గుఱుతుగా దానిని అట్లే యుంచితిమి. పదములు ఆతని తలలో కంటె చేతులలో ఎక్కువగా ఉండెను. విద్యుత్తు పంపులు వచ్చిన పిదప కపిల ఆగినది. బోరుబావులు లోతునకు దిగిన పిదప ఆ బావియు ఎండినది. ఎద్దుల స్థానమున ట్రాక్టరు వచ్చినది. మడక, కాడిమాను, మేడి, ఏడికోల, కఱ్ఱు ఇవన్నియు ఒక పాడుబడిన కొట్టములో ఒకదానిపై నొకటి పడియున్నవి. ఆ కేకలు మాత్రము ఏ కొట్టమందును లేవు. నిఘంటువునందును లేవు, అవి పదములా కావా యని మన వ్యాకర్తలు నిర్ణయింపలేదు గనుక.

ఇంతవఱకు చెప్పినదానిలో ఒక పెద్ద లోపము గలదు. దానిని పట్టుకొనుటకు మాకు మూడవసారి పోవలసి వచ్చినది. ఊరిలో ఒకప్పుడు ఎన్ని ఇండ్లుండెనని అడిగినప్పుడు అందఱును చెప్పిన సంఖ్య పాత లెక్కలోని సంఖ్యకు తక్కువగా నుండెను. వృద్ధులు మఱచిరని అనుకొంటిమి. వారు మఱువలేదు. వారు 'ఊరు' అను మాటకు చెప్పుకొను అర్థములో పల్లె లేదు. చెఱువుకట్టకు ఆవల, ఊరి బావికి దూరముగానున్న మాదిగపల్లెను లెక్కలవారు గ్రామమున చేర్చిరి. ఊరివారి మాట దానిని చేర్చలేదు. 'ఊరిలో అడుగు', 'పల్లెలో చెప్పు' అని వారు నిత్యము అనుచునే యున్నారు. వినుచునే మేమును గమనింపలేదు. 'ఊరు' అనగా గ్రామము అని నిఘంటువు చెప్పును. ఆ యర్థము తప్పు కాదు; కాని ఊరి నోట ఆ పదమునకు ఒక గోడ కలదు. ఆ గోడను చూడని సేకరణము ఎన్ని వేల పదములు కూర్చినను సగము ఊరినే చూచినదగును.

పల్లె ఊరికంటె ముందే ఖాళీ యైనది. భూమి లేనివారికి నిలుచుటకు కారణము తక్కువ. బెంగుళూరి కట్టడములకు, కేరళమునకు కూలికి మొదట పోయినవారు వారే. ఇచట ఇప్పుడు ఉన్నవి రెండు ఇండ్లు. అందొకదానిలోని వృద్ధురాలిని కలిసి, కపిల తొండము కుట్టినవారు ఎవరని అడిగితిమి. తన మామయు, భర్తయు కుట్టిరని ఆమె చెప్పెను. బాన ఇనుముతో చేయుట వచ్చిన తరువాతను తొండము తోలుదే. ఏడు గడచునప్పటికి అది చివుకును, మరల క్రొత్తది కావలెను. దానికి గాను కళ్లమున మేర. పచ్చితోలు ఊరవేయు లంద, ఊరుటకు వేయు తంగేడుచెక్క, రంధ్రము పొడుచు ఆరె, తోలు కోయు రంపె, కుట్టు వారు ఇవన్నియు ఆమె ఒక్కొక్కటి చేతితో అభినయించుచు చెప్పెను. లందలో తోలు ఎన్నాళ్లుండవలెనో, ఎప్పుడు తీసి తిరగవేయవలెనో, వాసన చూచి ఎట్లు తెలిసికొందురో చెప్పెను. తంగేడుచెక్క కొట్టుట, నీళ్లు మోయుట ఆడవారి పనియట. ఇది మేము మునుపు ఎన్నడును వినలేదు. కపిలను గూర్చి మేము ఊరిలో వ్రాసికొన్న పుటలన్నిటిలో తోలుపని పదము ఒక్కటియు లేదు. రైతునడిగితిమి, రైతు తాను చేసిన పని చెప్పెను. అతని తప్పేమియు లేదు. నీటిని పైకి తెచ్చిన యంత్రములో సగము ఈ పల్లెలో తయారైనది. ఆ నీటి బావిలో చేద వేయుటకు ఈ పల్లెవారికి అనుమతి లేకుండెను. ఇది ఆమె ఫిర్యాదుగా చెప్పలేదు. దారి చూపునట్లు చెప్పెను.

"ఇంత తెలిసియు ఇంతవఱకు ఎవరికిని చెప్పలేదేమి అవ్వా?" అని మాలో ఒకరు అడిగిరి. "మమ్మల్నెవురడిగినారు నాయనా" అని ఆమె మా కాగితములవంక చూచెను. మేము రెండుసార్లు చెఱువుకట్టవఱకు వచ్చి తిరిగిపోయినది ఆమె చూచియేయుండెను.

పీర్ల పండుగనాడు ఊరు నిండుననియు, అప్పుడు రమ్మనియు అందఱును పిలిచిరి. ఈ జిల్లాలో పీర్ల పండుగ హిందువులును కలిసి చేయునది. బెంగుళూరినుండి బస్సులలో వత్తురు, తాళములు తీయుదురు, మూడు నాలుగు దినములు వీధులు సందడిగా నుండును. మేము ఒకసారి పోతిమి. ఆ దినములలో పదసేకరణము చేయరాదని మా అనుభవము. వచ్చినవారు ఉత్సాహముగా తమకు తెలిసినదానికంటె ఎక్కువ చెప్పుదురు. ఉన్నవారు వంటలలో మునిగి ఏమియు చెప్పరు. ఉదయమున ఒంటరిగా కసువూడ్చుచున్నప్పుడు, కట్టమీద గొఱ్ఱెలను మేపుచున్నప్పుడు పలికిన మాటయే నమ్మదగినది.

పరిశోధకులకు మేము చెప్పగలది కొంతయే. పట్టిక చేతబట్టుకొని కూర్చుండబెట్టి అడుగుటకంటె, పనిముట్టునో తాడునో చేతికిచ్చి పని చేయుమనుట మేలు. ధ్వనిముద్రణము తప్పనిసరి, ఎద్దులతో అను కేకలు లిపిలో నిలువవు. ఒక వస్తువును గూర్చి అడుగునపుడు దానిని వాడినవారిని, చేసినవారిని, బాగుచేసినవారిని వేర్వేఱుగా అడుగవలెను; వారి పదములు ఒకటి కావు. ఆడవారిని ఆడవారే అడుగుట మంచిది. మాకు తంగేడుచెక్క సంగతి దొరకినది మాతో వచ్చిన విద్యార్థినివలననే. వరుస కూడ ముఖ్యము: ముందు పల్లెకు, తరువాత ఊరికి పోవలెను. ముందు ఊరికి పోయినవారికి పల్లె తలుపు తెఱచుట కష్టము. అది మేము కట్టవద్దనుండి తిరిగిపోయిన రెండుసార్లకు మూల్యముగా తెలిసికొన్న విషయము.

మా యొద్ద ఇప్పటికి కపిల, దుక్కి, విత్తు, చెఱువు, ఇల్లు, వేళలు వీనిని గూర్చిన ముద్రణములు కొన్ని గంటలవి గలవు. తోలుపనిని గూర్చి ఒక్క ఉదయపు మాటలే యున్నవి. లందలోని తోలును వాసనతో తెలిసికొనుటకు ఆమె వాడిన రెండు మాటలు ముద్రణమున గాలిచప్పుడుచే స్పష్టముగా లేవు. ఏ నిఘంటువునందును వానికి దగ్గఱగా ఏమియు దొరకలేదు. వానిని మరల అడుగుటకై చివరిసారి మేము పోయినప్పుడు మిట్టమధ్యాహ్నము. పంచాయితీవారు నిలిపిన స్తంభముమీద విద్యుద్దీపము, ఆర్పువారు లేక, తాళములు పడిన వీధిలో పట్టపగలు వెలుగుచుండెను. పల్లెలో ఆమె యింటికి తాళమున్నది. కుమారుడు వచ్చి బెంగుళూరికి తీసికొనిపోయెనని కట్టమీద గొఱ్ఱెలు మేపువాడు చెప్పినాడు. వాని ఫోనులో ఆమె కుమారుని నంబరున్నది, వ్రాసికొంటిమి.